పెదవులు కలవని మాట

నా గుండె ఏమంటోందో గళ్ళ కాగితం మీద రాయించుకుందామని మొన్న కోడంబాక్కంలో ఒక స్కాన్ సెంటరుకి వెళ్ళాను. ఇన్నేళ్ళూ పరాయివాళ్ళ నోళ్ళకి మాటలు రాసి బతికినవాణ్ణి. నా గుండెకొచ్చేసరికి రాసే పని యంత్రానికి పోయింది. నా టోకెన్ పదిహేడు, లోపలున్నది తొమ్మిది. గోడమీద టీవీ నడుస్తోంది, గొంతు నొక్కేసి.

తల తిప్పి చూశాను. గంటస్తంభం, రాళ్ళ వీధి, వంకర టోపీ పెట్టుకున్న ఒక పిల్ల. నాకు బాగా తెలిసిన పిల్ల. తెరమీద చక్కగా నవ్వుతోంది. ఆ పిల్ల గొంతు మాత్రం పదకొండు రోజుల క్రితం మద్రాసు జార్జి టౌన్‌లో పోయింది. వయసు అరవై మూడు.

ఆవిడ పేరు ఇక్కడ రాయను. ఆ పేరుని టైటిల్స్‌లో ఎవరూ వెయ్యలేదు, ఇప్పుడు నేను వేస్తే ఆవిడే ఎవరబ్బా అనుకుంటుంది. స్టూడియోలో మా అందరికీ అక్క. డబ్బింగ్ చెప్పేది. మోకాళ్ళకి అరవై దాటినా గొంతు పద్దెనిమిది దగ్గరే ఆగిపోయింది. గొంతుకి మోకాళ్ళ సంగతి ఎవరూ చెప్పలేదనుకుంటాను.

మైకు దగ్గరికి వెళ్ళేముందు ఆవిడ చేసే పనులు కొన్ని ఉండేవి. ముందు ఒక చిన్న అరటిపండు తినేది. ఆకలితో కడుపు కూస్తే మైకు పట్టేస్తుందట. తరువాత గాజులన్నీ మోచేతి దాకా తోసి రుమాలుతో చుట్టి ముడేసేది. చెప్పులు విడిచేది. పడుచుపిల్లకి చెప్పాలంటే మునివేళ్ళమీద లేచేది, ముసలమ్మకి చెప్పాలంటే మడమలమీద బరువు దింపేది. పట్టుచీర ఎన్నడూ కట్టుకుని రాలేదు. అది గుసగుసలాడుతుందని.

"మా నాయనది గాజుల హోల్‌సేల్ కొట్టు అబ్బయ్యా," అని నవ్వేది. "చేతినిండా గాజులుండే ఇంట్లో పుట్టి, గాజులు మూగవైతేనే కూడు పుట్టే పనిలో పడినా."

ఆ నాయనకి సినిమావాళ్ళ నీడ పడేది కాదు. కూతురు ఈ పనిలో ఉందని ఆయనకి ఆరేళ్ళపాటు తెలియదు. కుట్టు క్లాసుకి పోతున్నానని చెప్పి వచ్చేదట. పెద్ద అబద్ధమేం కాదు. ఎవరి నోటికో మాట కుట్టడమే కదా మా పని. ఒకసారి ఇంటిల్లిపాదీ సినిమాకి పోతే, తెరమీద హీరోయిన్ మాటలు విని ఆయన మురిసిపోయాడట. "చూడు, ఎంత అణుకువగా మాట్లాడతాదో ఆ పిల్ల. మనింట్లోనూ ఉండాది ఒకటి. నోరు తెరిస్తే చమురు లేని చేతిబండే." ఆ అణుకువ గల గొంతు ఆయన పక్క సీట్లోనే కూర్చుని వేరుశనక్కాయలు వలుస్తోంది.

అక్క మనుషుల కళ్ళలోకి చూసి మాట్లాడేది కాదు, పెదాలు చూసి మాట్లాడేది. బస్సు కిటికీలోంచి ఎవరో పోట్లాడుకుంటూ కనిపిస్తే చాలు, ఇద్దరి తరఫునా తనే మాటలు చెప్పేసేది. వినపడనంత దూరంలో ఉన్నాం కదా అని ఆవిడ గురించి ఎవరూ ఏమీ అనే వీలు లేదు. చూస్తే వినిపిస్తుంది ఆవిడకి.

నేను బెజవాడ వైపు నుంచి వచ్చినవాణ్ణి. డిగ్రీ చదివాను, పద్యాలు వచ్చు, డబ్బింగ్ రాత రాదు. ఆ రాత నేర్పింది అక్కే. మొదట్లో నేను రాసిన ఒక డైలాగు చూసి కాగితం వెనక్కిచ్చింది.

"ప్రేమ అని రాసినావు. ప్రేమ అంటే పెదాలు రెండు తూర్లు కలవాల. ఆ పిల్ల ఒక తూరి కూడా కలపలా."

"మరేం రాయనక్కా?"

"ఆశ అని రాయి. కలిసే పనే లేదు."

ప్రేమని తీసేసి ఆశ పెట్టుకుని బతకడం అప్పట్నుంచీ అలవాటైంది.

ఇక టీవీలో ఆడుతున్న కథ. అది ఏదో దేశపు పాత సంగీత ప్రహసనం. స్టేజీ మీద తరతరాలు నవ్వించాక, టీవీవాళ్ళు తీసుకుని ఆరు భాగాలు చేశారు. ఊరి పెద్ద ఒకాయన, ఆయనకో కూతురు. గడియారాలు బాగుచేసే కుర్రాడంటే ఆ పిల్లకి ప్రాణం. వాడు గడప తొక్కితే కాళ్ళు విరగ్గొడతానన్నాడు తండ్రి. కానీ ఇంట్లో గడియారం ఆగిపోతే చూసే దిక్కు ఊళ్ళో వాడొక్కడే. కనక పిల్ల రోజుకో గడియారం పాడుచేస్తుంటుంది. వాళ్ళకి మంచి టైము రావాలంటే ఇంట్లో టైము ఆగాలి. పాటలు వాళ్ళ భాషలోనే వదిలేశారు. మధ్యలో మాటలకి తెలుగు రాయమని నాకిచ్చారు. పిల్ల గొంతు అక్కది. వారానికో భాగం డబ్బింగ్ చేసి పంపితే, మరుసటి వారం హైదరాబాదు చానెల్లో వచ్చేది.

"ఇదే నా కడపటి హీరోయిన్ అబ్బయ్యా," అంది మొదటిరోజే. "ఇంక పైన అంతా అవ్వలే."

అక్కకి రెండు తెలుగులుండేవి. మైకు ముందు 'ఇక్కడ, అక్కడ'. మైకు వెనక 'ఈడ, ఆడ'. జార్జి టౌన్‌లో ఎన్ని తరాలనుంచో ఉంటున్న ఇల్లు వాళ్ళది. ఇంట్లో మాట్లాడే తెలుగులో సగం అరవం, సగం నెల్లూరు. ఈ పనిలోకి వచ్చిన కొత్తల్లో మావైపు పెద్దమనుషులు ఆ మాట విని స్టూడియో అంతా నవ్వారట. ఆ రోజునుంచి మైకు ముందుకి వెళ్ళేటప్పుడు చెప్పులతోపాటు ఆ తెలుగు కూడా గుమ్మం బయటే విడిచేది. తిరిగొచ్చి రెండూ తొడుక్కునేది.

మూడో భాగంలో నాలిక జారింది. గడియారం స్ప్రింగు దాస్తూ పిల్ల పనిమనిషితో "అక్కడ పెట్టు" అనాలి. అక్క "ఆడ పెట్టు" అంది. నేను వినలేదు, రికార్డింగ్ చేసేవాడు వినలేదు. నలభై ఏళ్ళలో ఎన్నడూ జారని మనిషి జారుతుందని ఎవరు చెవి పెడతారు? చానెల్లో వచ్చింది. ఆ ముక్క కోసి ఫోన్లలో తిప్పారు. దొరసాని గౌను వేసుకుని ఆడ పెట్టు అంటోందే, మగ పెట్టు ఎక్కడని కింద వందలమంది వెక్కిరింపు.

ఆరో భాగం నాడు చానెల్ మేనేజరు స్వయంగా దిగాడు. ముప్పై అయిదేళ్ళుంటాయి, మర్యాదస్తుడు. మర్యాదస్తులతోనే భయం, గొంతు పెంచకుండా కోసేస్తారు.

"మేడమ్, మీ వాయిస్ మీద నాకు చాలా రెస్పెక్ట్. కానీ ఇవాళ ఇంకొక్కటి అలాంటిది దొర్లితే నా చేతుల్లో ఉండదు. హైదరాబాదులో వేరే అమ్మాయిని రెడీగా పెట్టాం. ఈ భాగమే కాదు, మొదటి అయిదూ కూడా రిపీట్ టెలికాస్టుకి ఆ అమ్మాయితోనే మళ్ళీ చెప్పించేస్తాం."

"అంటే నేను చెప్పిందంతా తుడిచేస్తారాండీ?" అంది అక్క. మైకు తెలుగులో.

"సారీ మేడమ్."

నేను కిటికీ చూస్తూ నిలబడ్డాను. కిటికీలో చూడదగ్గదేమీ లేదు. చెప్పాల్సిన మాట ఒకటుంది. ఆ జారిన 'ఆడ'ని విని పట్టుకోవాల్సింది నేను, తప్పు సగం నాది. మాటలు రాసేవాణ్ణి కదా, మాట్లాడేవాణ్ణి కాను.

పొద్దుటినుంచి అక్క ఒక్క అచ్చు తప్పులేకుండా చెప్పుకొచ్చింది. మధ్యాహ్నం మూడింటికి ఒకే ఒక్క మాట మిగిలింది. ఫైలు అయిదింటికి వెళ్ళాలి.

ఆ మాట ఎలాంటిదంటే, కథంతా దాని మీదే కూర్చుంది. చివరి పాట హోరుగా సాగుతూ సాగుతూ ఠక్కున ఆగిపోతుంది. తండ్రి చేతికర్ర ఎత్తి, "ఎక్కడున్నాడే వాడు?" అంటాడు. కుర్రాడు గంటస్తంభం కాపలావాడి వేషంలో ఆయన వెనకే నిలబడి ఉంటాడు. పిల్ల మొహం తెరనిండా వస్తుంది. వాయిద్యం లేదు, చప్పుడు లేదు. గుండెమీద చెయ్యి వేసుకుని, నవ్వుతూ ఒక్క మాట అంటుంది. ఇక్కడే అని దానికర్థం. నేనూ "ఇక్కడే" అని రాసుకొచ్చాను. ఇంట్లో ఉప్మా తింటూ రాసి, భేష్ అని నన్ను నేనే మెచ్చుకున్నాను కూడా.

తెరమీద పిల్ల నోరు రెండుసార్లే తెరుచుకుంటోంది. నా మాటకి మూడుసార్లు తెరవాలి. పెదాలకీ మాటకీ పొత్తు, మా భాషలో సింకు, కుదరడం లేదు.

అక్క "ఇక్కడే" అంది. పిల్ల నోరు మూసుకున్నాక గాలిలో ఒక 'డే' మిగిలిపోయింది. గబగబా అంది. ఎక్కిళ్ళొచ్చినట్టు వినబడింది. గుండెమీద చెయ్యి వేసుకుని ఎక్కిళ్ళు పెడితే ప్రేమలా లేదు, మంచినీళ్ళు ఇవ్వాలనిపిస్తోంది.

"రైటర్ గారూ, వేరే వర్డ్?" అన్నాడు మేనేజరు సోఫాలోంచి.

"నాలో" అని మార్చాను. చివర 'ఓ' అంటే పెదాలు గుండ్రంగా కావాలి, పిల్లేమో నవ్వుతోంది. "ఇదే" అన్నాను. ఎక్కడున్నాడంటే ఇదే అంటే రేషన్ కార్డు చూపించినట్టుందని రికార్డింగ్ చేసే అతనే అన్నాడు. దానికితోడు ఆ స్టూడియో స్టేషన్ వెనక సందులో మేడమీద ఉంది. లోకల్ రైలు పోతే గోడలు వణుకుతాయి. రైలుకీ రైలుకీ మధ్య దొరికిన కాస్త నిశ్శబ్దంలోనే ఈ నిశ్శబ్దపు మాట పట్టుకోవాలి. ఒక మాట దొరికేసరికి రైలొచ్చేది, రైలు పోయేసరికి ఆ మాట బాగాలేదని తేలేది.

పద్దెనిమిదో టేకుకి అక్క మునివేళ్ళు వణకడం మైకు గదికీ మాకూ మధ్యనున్న అద్దంలోంచి కనిపించింది. నాలుగయ్యింది. మేనేజరు ఫోను తీశాడు. "ఆ అమ్మాయిని స్టూడియోకి రమ్మనండి, ఊరికే, సేఫ్టీకి," అన్నాడు ఎవరితోనో, మెల్లిగా. అద్దానికి అవతల అక్క ఆయన పెదాలు చూస్తోంది.

అప్పుడే రికార్డింగ్ చేసే అతను మీట నొక్కి లోపలికి అడిగాడు. "అక్కా, కాగితం చూసి చెబుతారా? మీ కళ్ళద్దాలు ఎక్కడ?"

అక్కవైపు మైకు ఆపేసి ఉంది. ఆవిడ జవాబు మాకు వినబడలేదు. కళ్ళద్దాలు గొలుసుకి మెడలో వేలాడుతున్నాయి. గుండెమీద వాటిని అరచేత్తో తట్టి చూపిస్తూ ఏదో అంది. నోరు రెండుసార్లు తెరుచుకుంది. మొదట సాగింది, తరువాత నవ్వింది. పెదవులు కలవలేదు.

తెరమీద ఆగిపోయి ఉన్న పిల్ల చెయ్యీ, అద్దంలో అక్క చెయ్యీ ఒకేచోట ఉన్నాయి.

తలుపు తోసుకుని లోపలికి వెళ్ళాను. "అక్కా, ఇప్పుడేమన్నారు?"

"ఏమన్నా? కండ్లద్దాలు యాడంటే 'ఈడే' అంటిని."

"అదే. అదే మాట. 'ఈడే'. సరిగ్గా పడుతుంది."

ఆవిడ మొహం మారిపోయింది. గొంతు తగ్గించింది, కోపం తగ్గలేదు. "నీకు తలకాయి ఉండాదా? ఆ మాటకే కదా నన్ను గెంటాలని ఆయన ఆడ కూసోనుండాడు? నలభై ఏండ్లు నాలిక కొరుక్కోని దాచిపెట్టినా. ఇప్పుడు ఆయన ముందరే చెప్పమంటావా? పట్టియ్యను వచ్చినావా నన్ను?"

"ఇక్కడే అంటే ఎలాగూ కుదరట్లేదు కదక్కా."

"కుదరకుంటే రాత సరిలేదంటారు. ఈడే అంటే మనిషే సరిలేదంటారు. రెండూ ఒకటేనా?"

మొట్టమొదటిసారి ధైర్యం చేశాను. "నేను రాశానని చెబుతానక్కా. కాగితం మీద రాసిస్తాను. ఏమన్నా అంటే నింద నాది. మీరు రాసింది చదివారంతే."

నా పెదాలు చూసింది. మాట కాదు, పెదాలు. తరువాత కాగితం చాచమన్నట్టు చెయ్యి ఊపింది. 'ఇక్కడే' కొట్టేసి 'ఈడే' అని రాశాను. నా చేతిరాత అంత అధ్వాన్నంగా ఎప్పుడూ లేదు.

నాలుగూ ఇరవై. తాంబరం బండి వెళ్ళిపోయింది. తరువాతి బండికి ఆరు నిమిషాలు. అక్క రుమాలు మళ్ళీ బిగించింది. మునివేళ్ళమీద లేచింది. పాట ఆగింది. తండ్రి కర్ర ఎత్తాడు. ఎక్కడున్నాడే వాడు?

"ఈడే."

అంతే. ఆ పిల్ల పుట్టడమే జార్జి టౌన్‌లో పుట్టినట్టుంది.

"ఆగండి," అన్నాడు మేనేజరు. సోఫాలోంచి లేచాడు. "మళ్ళీ వెయ్యండి."

వేశారు.

"మళ్ళీ."

మూడోసారి కూడా వేశారు. ఆయన మొహంలో ఏమీ లేదు. నింద నాది అన్న మాట గొంతులో సిద్ధంగా పెట్టుకున్నాను, సాధన చేసుకుంటున్నాను. అద్దానికి అవతల అక్క ఇంకా మునివేళ్ళమీదే ఉంది.

ఉన్నట్టుండి ఆయన పగలబడి నవ్వాడు. "ఈడే! అంటే వీడే అని కూడా కదండీ! మా అమ్మమ్మగారి ఊళ్ళో మనుషుల్ని అలాగే అంటారు, ఆడు, ఈడు అని. ఎక్కడున్నాడంటే ఇక్కడేనని గుండె చూపిస్తోంది, వెనక నిలబడ్డవాణ్ణి ఈడేనని పట్టిస్తోంది కూడా! ఒక్క మాటకి రెండు దెబ్బలు! ఎవరిదండీ ఈ ఐడియా?"

నిందకి సిద్ధం చేసుకున్న మాట నోటిదాకా వచ్చి ఉంది. ఆపడానికి వీలు కాలేదు, లేదా ఆపాలనిపించలేదు.

"నేనే," అన్నాను.

నేనే అనడానికి పెదవులు కలపక్కర్లేదు. నోరు రెండుసార్లు తెరిస్తే చాలు. అందుకే కాబోలు అంత సులువుగా వచ్చేస్తుంది. ఆయన నా చెయ్యి పట్టి ఊపాడు. హైదరాబాదుకి ఫోన్ చేసి ఆ అమ్మాయిని వద్దన్నాడు. నేను అద్దం వైపు చూశాను. అక్క నన్నే చూస్తోంది. మడమలు నేలకి ఆనాయి.

బయటికొచ్చి చెప్పులు తొడుక్కుంది. రుమాలు ముడి విప్పితే గాజులన్నీ ఒక్కసారి జారి గలగలమన్నాయి. సంచిలోంచి అరటిపండు తీసి సగం నాకిచ్చింది.

"అద్దంలోంచి చూసినా అబ్బయ్యా," అంది. "పెదాలు బాగానే ఆడినాయి. సింకు కుదరలా."

ఇంకో మాట అనలేదు. మెట్లు దిగుతూ ఒక్కో మెట్టుకీ ఆగి మోకాలు పట్టుకుంది. పైనుంచి నేను చూస్తూ అరటిపండు తిన్నాను.

టైటిల్స్‌లో 'మాటలు' అని నా పేరు పడింది. ఆ ఒక్క మాట చూసి నాకు ఇంకో మూడు సీరియళ్ళు వచ్చాయి. అక్కకి, తనే అన్నట్టు, అవ్వ వేషాలే వచ్చాయి. అప్పుడప్పుడూ ఫోన్ చేసేవాణ్ణి. "ఎక్కడున్నారక్కా?" అంటే ఆ పిల్ల గొంతుతో "ఈడే" అనేది, ఇద్దరం నవ్వుకునేవాళ్ళం. నా నవ్వు కొంచెం పొట్టిగా ఉండేది. ఆసుపత్రి నుంచి ఇంటికి పంపేశాక చివరిసారి చేశాను. "ఎక్కడున్నారక్కా?" అన్నాను. "ఈడే అబ్బయ్యా. యాడికి పోతా?" అంది. పద్దెనిమిదేళ్ళ గొంతే. ఆ మాట ఎవరిదో ఊరికి చెప్పేస్తానక్కా అందామనుకున్నాను. రేపు ఆదివారం వస్తాను అన్నాను. ఆదివారం దాకా ఆవిడ ఆగలేదు.

స్కాన్ సెంటర్ మూగ టీవీలో చివరి పాట ఆగిపోయింది. తండ్రి కర్ర ఎత్తాడు. పిల్ల మొహం తెరనిండా వచ్చింది, చెయ్యి గుండెమీదికి వెళ్ళింది. నాకు తెలియకుండానే నా చెయ్యీ గుండెమీదికి పోయింది.

"ఈడే," అన్నాను పైకి.

కౌంటర్ దగ్గరున్న నర్సు ఒక్క ఉరుకున వచ్చింది. "ఎన్న సార్, నొప్పా? యాడ? ఈడనా?"

"నొప్పి కాదమ్మా. టీవీ."

తల తిప్పి చూసి, ఊపిరి వదిలి నవ్వింది. "అయ్యో, ఇదా! భయపెట్టేసినారు సార్. మాది వ్యాసర్పాడి, ఈడి తెలుగోళ్ళమే. మా అమ్మ ఇది ఎన్ని తూర్లు చూసిందో. ఈ పిల్ల ఈడే అంటాది కదా, అది విని లేచి నిలబడిపోయింది సార్. 'ఏమే, టీవీలో దొరసాని మన మాదిరి మాట్లాడతా ఉండాదే' అని. ఆ వారమంతా మేము తమిళంలో ఏమడిగినా తెలుగులోనే జవాబు." నా చేతిలోంచి టోకెన్ తీసుకుని దానిమీది పేరు చదివి అడిగింది. "మీకు తెలుసా సార్, ఎవరి మాట అది? ఈ పేరు టైటిల్స్‌లో చూసినా, మీరేనా రాసింది?"

ఎదురుగా స్కాన్ గది తలుపుకి అద్దం ఉంది. అందులో నా మొహం కనిపిస్తోంది. పాత మాట నాలికమీదే ఉంది, నోరు రెండుసార్లు తెరిస్తే చాలు.

"మా అక్క మాటమ్మా," అన్నాను.

మూడుచోట్ల పెదవులు కలిశాయి. అద్దంలో చూసుకున్నాను. సింకు కుదిరింది.